కేరాఫ్ మామిడితోట

పెద్ద రసాలు కోతకొచ్చిన రోజుల్లో, పొద్దున ఎనిమిదింటికి, యలమందని చెట్టు మీంచి దింపి చేతులకి బేడీలు వేశారు.

అది 1988. చాట్రాయికి కోసెడు దూరంలో వీరరాఘవయ్య గారి మామిడితోట. తోటని ఆనుకుని ఎర్రదిబ్బ మీద నలభై పాకలు. ఆ పాకల వాళ్లే తోటకి ముఠా. మగవాళ్లు కాయ దింపుతారు, ఆడవాళ్లు ఏరి గంపలకెత్తుతారు. ఆ పొద్దున యలమంద పైకొమ్మ మీద, చివర వల సంచి కట్టిన చిక్కం గడ పట్టుకుని ఉన్నాడు. కింద అతని భార్య నాగేంద్రమ్మ కాయకాయకీ తొడిమ విరిచి, సొన కారడానికి బోర్లా పేరుస్తోంది. పోలీసు జీపు రోడ్డు మీద ఆగకుండా చెట్ల మధ్యకే వచ్చేసింది. దాని చక్రాల కింద ఒక వరస కాయ నుజ్జయింది.

"యలమంద ఎవడ్రా?" అన్నాడు ఎస్సై.

"నేనేనండీ."

"దిగు."

"ఈ కొమ్మ అయ్యాక దిగుతానండీ. ముదిరిన కాయ, రాలితే దెబ్బ తింటది."

చూడండి, తనని పట్టుకుపోవడానికి వచ్చినవాడితో ఆ మనిషి చెప్పిన మాట. కాయ ఎవరిది? ఆసామిది. దెబ్బ తింటే ఎవరికి నష్టం? ఆసామికి. అయినా అతని బాధ కాయ గురించే. కానిస్టేబులు గడ పట్టుకుని లాగాడు. యలమంద జారి, కొమ్మలకి గీరుకుంటూ దిగాడు. అలా చెట్టు చెట్టుకీ తిరిగి తొమ్మిది మందిని దింపారు.

"ఏం చేశారండీ మావాళ్లు?" నాగేంద్రమ్మ అడ్డం వచ్చింది.

"కొత్తగా చెయ్యాలా? పాతదే. మీ అప్పీలు కొట్టేశారు. రెండేళ్లు లోపలికి."

"కొట్టెయ్యడమేంటండీ? మమ్మల్నెవరూ రమ్మన్లేదే."

"కోర్టులో పిలిచారు. ఒక్కడూ పలకలేదు. ఫిబ్రవరిలోనే అయిపోయింది."

తోట మధ్యలో పెంకుటిల్లు ఉంది. దాన్ని మకాం అంటారు. వీరరాఘవయ్య దాని వరండాలో కూర్చుని కాఫీ తాగుతూ ఇదంతా చూశాడు. జీపు కదిలాక గుమస్తాని కేకేసి, "ముఠాలో తొమ్మిది మంది తగ్గారు. మైలవరం కబురు చేసి తొమ్మిది మందిని రప్పించు" అన్నాడు. ఆ మాట ఎవరికీ వినపడకూడదని కూడా అనుకోలేదు.

అసలు కేసేంటో చెప్పాలి. మూడేళ్ల కింద ఇదే తోటలో యలమంద తమ్ముడు పుచ్చిన నిచ్చెన విరిగి పడి చచ్చిపోయాడు. నిచ్చెన మార్చమని ముఠా అంతకు ముందు రెండుసార్లు అడిగింది. శవాన్ని తోట గేటు ముందు పెట్టి, సమాధానం చెప్పమని అందరూ కూర్చున్నారు. సాయంత్రానికి వెనకవైపు గంపల పాక తగలబడింది. గేటు ముందు కూర్చున్నవాళ్లు వెనకవైపు పాక ఎలా కాల్చారని ఎవరూ అడగలేదు. ఆసామి తొమ్మిది మంది పేర్లు రాసిచ్చాడు, కింది కోర్టు రెండేళ్లు వేసింది. జిల్లా కోర్టులో అప్పీలు పెట్టుకుని, బెయిలు మీద బయటికొచ్చి, మళ్లీ అదే తోటలో చెట్లెక్కారు. రెక్కాడితే గాని డొక్కాడని వాళ్లకి ఇంకో తోట ఎక్కడుంది?

మర్నాడు నాగేంద్రమ్మ ముఠా మేస్త్రి హనుమయ్యని వెంటబెట్టుకుని పట్నం బస్సెక్కింది. ప్లీడరు ఉమాపతి ఇంటి ముందుగదిలో నేల మీద కూర్చున్నారు. ఆయన వాళ్లని చూడగానే మండిపడ్డాడు.

"ఇప్పుడొచ్చారా? మూడు కార్డులు రాశాను. అక్టోబర్లో ఒకటి, డిసెంబర్లో ఒకటి, జనవరిలో ఒకటి. ఒక్కదానికి దిక్కు లేదు. మీకే అక్కర్లేకపోతే నాకెందుకు? క్లయింట్ల నుంచి నాకే సూచనలూ లేవని కోర్టుకి చెప్పేశాను."

"మాకు ఒక్క కార్డూ అందలేదండీ" అంది నాగేంద్రమ్మ.

"మీరిచ్చిన అడ్రసుకే రాశాను." ఆయన పుస్తకం తిరగేసి చదివాడు. "యలమంద మొదలగు తొమ్మిది మంది, కేరాఫ్ వీరరాఘవయ్య గారి మామిడితోట."

ఆ అడ్రసు చెప్పింది నాగేంద్రమ్మే. వకాల్తా రాసేప్పుడు "ఎక్కడికి రాయమంటారు" అని ప్లీడరు గుమస్తా అడిగితే, యలమంద తడబడ్డాడు. తనే ముందుకొచ్చి గడగడా చెప్పింది. ఎర్రదిబ్బకి ఇంటి నంబర్లు లేవు. రేషన్ కార్డు మీద అదే, ఆస్పత్రి చీటీ మీద అదే, బడి సర్టిఫికెట్ మీద అదే. పుట్టి బుద్ధెరిగాక ఆమె చెప్పిన అడ్రసు అదొక్కటే. ఎవడి మీద పోట్లాడుతున్నారో వాడి గడపకే తమ కబురు పంపించమని చెప్పింది. దొంగ చేతికి తాళాలివ్వడమంటే ఇదే.

"దొరా, మేం రాకపోతే మాత్రం కాగితాలు చూడరా?" హనుమయ్య చేతులు కట్టుకుని అడిగాడు. "మంటొచ్చినప్పుడు వీళ్లు గేటు దగ్గరే ఉన్నారని ఆసామి కాపలావాడే సాక్ష్యం చెప్పాడుగా."

ఉమాపతి కోపం కొంచెం తగ్గింది. కుర్చీలో వెనక్కి వాలాడు.

"చెప్పాడు. నేనే చెప్పించాను. ఆ ఒక్క పేజీ చదివితే కేసు లేదు. మనిషి రాకపోయినా జడ్జి కాగితాలు చదివి తేల్చాలని పై కోర్టు మాట ఒకటి ఉంది. వెంటపడనివాళ్ల అప్పీలు కొట్టేయొచ్చని ఈమధ్య ఇంకో మాట వచ్చింది. ఈ జడ్జి రెండోది పట్టుకున్నాడు. పిలవగా హాజరు కాలేదు, కొట్టివేయడమైనది. అంతే, రెండు లైన్లు."

"కట్ట విప్పలేదా?"

"విప్పలేదు."

"మరి మీరు అప్పుడు అక్కడే ఉన్నారు కదండీ. ఆ పేజీ చదవమని మీరన్నా చెప్పొచ్చుగా" అంది నాగేంద్రమ్మ.

ఉమాపతి పుస్తకం మూసేశాడు. "కార్డులు మీకు చేరలేదని చూపిస్తే హైదరాబాదు హైకోర్టుకి వెళ్లి అడగొచ్చు. ఉత్త నోటిమాట చాలదు" అన్నాడు.

సాయంత్రం ఎర్రదిబ్బ జనమంతా చేతిపంపు దగ్గర చేరారు. జైలుకి పోయిన ఒకాయన భార్య నాగేంద్రమ్మని పట్టుకుని కడిగేసింది.

"నీ నోటితో నువ్వే చెప్పావంటగా. నా మొగుణ్ణి నువ్వు లోపలేయించావు."

"చెప్పాను వదినా. నాదే తప్పు."

"ఆవిడొక్కత్తేనా చెప్పింది?" ముసలి వెంకాయమ్మ గట్టు మీంచి లేచింది. "నా కూతురి ఆస్పత్రి చీటీ మీద నేను రాయించింది ఏంటి? నీ పిల్లల బడి కాగితం మీద నువ్వు రాయించింది ఏంటి? ఈ దిబ్బ మీద కేరాఫ్ లేకుండా పుట్టినోళ్లు ఎవరున్నారో చెయ్యెత్తండి."

ఒక్క చెయ్యీ లేవలేదు. హనుమయ్య గొంతు సవరించుకున్నాడు.

"అయ్యగారి కాళ్ల మీద పడదాం. పెద్ద మనసు చేసుకుంటే ఆ కార్డులిస్తాడు."

"ముప్పై ఏళ్లుగా పడతానే ఉన్నాంగా. మన నడుములు వంగినయ్యి, ఆయన మనసు వంగలా" అంది వెంకాయమ్మ. "మన పేరు రాసున్న కార్డు మన సొమ్ము. అడుక్కోవడమేంటి?"

కొందరు మకాం మీద పడదామన్నారు. కోత సీజన్లో ఆసామితో పెట్టుకుంటే ఏడాదంతా పస్తులేనని కొందరన్నారు. విస్సన్నపేటలో ఇంటరు చదువుతూ సెలవులకొచ్చిన కృపావతి అప్పటిదాకా వింటూ కూర్చుంది.

"తోటలో ఎవరూ అడుగు పెట్టొద్దు" అంది. "పెడితే పోయినసారి లాగే కేసు రాస్తారు. కోతకి పోకుండా ఇంట్లో కూర్చోవడం ఏ చట్టంలోనూ నేరం కాదు."

"పెద్ద రసం నాలుగు రోజులు ఆగదు" అన్నాడెవరో.

"ఆగదనేగా నేను చెప్పేది."

నాగేంద్రమ్మ ఆ పిల్ల మొహం చూసింది. తను లేచి నిలబడి, "కార్డులు మా చేతికొచ్చేదాకా మేం కాయ ముట్టం. ఎవరికి ఇష్టం లేదో ఇప్పుడే చెప్పండి, తర్వాత చాటుగా పోవద్దు" అంది. అందరికంటే ముందు, ఆమెని కడిగేసిన వదినే వచ్చి పక్కన నిలబడింది.

మర్నాడు తోటలో ఒక్క చిక్కం లేవలేదు. నూట నలభై మంది గేటు బయట, రోడ్డు వారన కూర్చున్నారు. గేటు ముందు లారీ ఖాళీగా నిలబడింది. రెండో రోజు మైలవరం నుంచి ట్రాక్టరు మీద వేరే ముఠా దిగింది. వెంకాయమ్మ వాళ్ల మేస్త్రికి ఎదురెళ్లింది.

"ఏ ఊరయ్యా మీది? మీ కార్డులు ఎవరింటికొస్తాయి?"

ఆ మేస్త్రి తెల్లమొహం వేశాడు. "మా ఆసామి గారింటికే. ఎందుకూ?"

వెంకాయమ్మ ఎందుకో చెప్పింది. ట్రాక్టరు మీది ఆడవాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. అందులో ఒకామె, తన అన్న కేసు కూడా ఇలాగే పిలిచినప్పుడు పలకలేదని పోయిందని చెప్పి, అక్కడే ఏడ్చేసింది. గంట సేపు మాట్లాడుకున్నాక ఆ ముఠా వచ్చిన ట్రాక్టరు మీదే వెనక్కి పోయింది. వీరరాఘవయ్య వరండాలో నిలబడి వాళ్లని తిడుతూనే ఉన్నాడు.

మూడో రోజుకి కాయ దానంతటదే రాలడం మొదలుపెట్టింది. వీరరాఘవయ్య గేటు దాకా నడిచొచ్చాడు. వెనకే గుమస్తా శ్రీమన్నారాయణ.

"ఏంటే నాగేంద్రమ్మా, జనాన్ని పోగేశావు. నా ఇంట్లో మీ కార్డులేముంటాయి? ఏ కార్డూ రాలేదు."

అప్పుడే సైకిలు మీద పోస్టుమాన్ వెంకట రమణ వచ్చాడు. పదేళ్లుగా ఎర్రదిబ్బ ఉత్తరాలన్నీ మకాంలో ఇచ్చిపోవడం అతని అలవాటు. అందరూ అతని వైపు తిరిగారు. అతను సైకిలు స్టాండు వేశాడు, మళ్లీ తీశాడు, మళ్లీ వేశాడు.

"వచ్చాయండి" అన్నాడు చివరికి, ఎవరి మొహమూ చూడకుండా. "ప్లీడరు గారి కార్డులు మూడూ నేనే గుమస్తా గారి చేతికిచ్చానండి."

వీరరాఘవయ్య మొహం ఎర్రబడింది. కానీ ఆయనకి భయం లేదు. వాటిని చింపి పారెయ్యమని గుమస్తాకి తనే చెప్పాడు కదా. లారీ ఎండలో ఉంది, కాయ నేల పాలవుతోంది, ఈ గోల ఎలాగోలా వదిలించుకోవాలి.

"ఇచ్చుంటే చెత్తలో పోయుంటాయి. ఏవయ్యా, ఆ తీగ తెచ్చి వీళ్ల మొహాన కొట్టు. వెతుక్కుని, కార్డులు లేవని తెలుసుకుని పనిలోకి చావండి."

మకాం దూలానికి ఒక ఇనప తీగ వేలాడుతూ ఉంటుంది. వచ్చిన ప్రతి కాగితాన్నీ శ్రీమన్నారాయణ దానికి గుచ్చుతాడు. గుమస్తా మొహం పాలిపోయింది.

"తీగెందుకండీ, నేను సాయంత్రం నిదానంగా వెతికి..."

"ఇవ్వమంటుంటే."

తీగ గేటు బయటికి వచ్చింది. మోకాలెత్తు కాగితాలు. కృపావతి నేల మీద కూర్చుని పాత కాగితాల వైపు నుంచి ఒక్కొక్కటీ తీసి చదవసాగింది. మొదట వచ్చింది వెంకాయమ్మ కూతురి పేర ఆస్పత్రి కార్డు. ఆపరేషనుకి ఫలానా తారీఖున తీసుకురండి అని ఉంది. తారీఖు చూస్తే రెండేళ్ల కిందటిది. ఆ పిల్ల పోయి ఏడాదిన్నర అయింది. వెంకాయమ్మ ఆ కార్డు తీసుకుని రెండు చేతుల్లో పట్టుకుంది. చదవడం రాదు గనక అలా పట్టుకునే ఉంది.

తర్వాత మండల రెవెన్యూ ఆఫీసు నోటీసు. ఎర్రదిబ్బ వాళ్లకి ఇళ్ల స్థలాల పట్టాలిస్తాం, విచారణకి హాజరు కండి. దాని కిందే ఇంకోటి. విచారణకి ఎవరూ రానందున దరఖాస్తులు తోసిపుచ్చడమైనది. జనంలోంచి ఒక మూలుగులాంటి చప్పుడు వచ్చింది. చివర, ఒకదాని మీద ఒకటి గుచ్చి, మూడు కార్డులు.

కృపావతి మూడూ పైకి చదివింది. మూడో కార్డులో ఆఖరి మాట ఇదీ: ఈసారి రాకపోతే అప్పీలు పోతుంది, వెంటనే రండి.

వీరరాఘవయ్య గుమస్తా వైపు చూసిన చూపుకి మాటలక్కర్లేదు. శ్రీమన్నారాయణ గేటు ఊచ పట్టుకుని గొణిగాడు.

"చింపెయ్యమన్నారమ్మా. సరస్వతిని చింపలేకపోయాను."

"చింపలేనోడివి మా పాకకి తెచ్చివ్వొచ్చుగా పంతులు గారూ" అంది నాగేంద్రమ్మ. "వంద అడుగులు లేదు."

ఆ కార్డులతో ఉమాపతి హైదరాబాదు వెళ్లాడు. నాగేంద్రమ్మ జైలుకి వెళ్లింది. కటకటాల అవతల యలమంద కళ్లు పచ్చగా ఉన్నాయి. కామెర్లని చెప్పాడు, మందు ఇవ్వడం లేదని చెప్పాడు. కోత అయిందా అని అడిగాడు. ఆమె జరిగిందంతా చెప్తే నవ్వి, ఊచలు పట్టుకుని ముందుకి వంగాడు.

"శిక్షదేముందే, ఎలాగో గడుస్తది. తమ్ముడి శవం పెట్టుకుని ఏడుస్తున్నోణ్ణి, పాక తగలేశానన్నారు. కాదని ఆ కాగితంలో ఉందంటగా. పెద్ద కుర్చీలో కూర్చున్నోడు ఎవడో ఒకడు అది చదవాలి. నాకదొక్కటే."

"చదివిస్తాను."

ఆగస్టులో యలమంద జైలు ఆస్పత్రిలో పోయాడు. అతను పోయిన పదకొండు రోజులకి హైదరాబాదు కోర్టు ఆర్డరు వచ్చింది. కాగితాలు చూడకుండా కొట్టెయ్యడం తప్పు, అప్పీలు మళ్లీ వినండి అని. ఎనిమిది మంది బెయిలు మీద ఇంటికొచ్చారు. నాగేంద్రమ్మ గుమ్మంలో కూర్చుని, వచ్చిన ఎనిమిది మందినీ చూసింది.

ప్లీడరు ఇంట్లో ఉమాపతి ఆమెకి ఎదురుగా కూర్చోలేకపోయాడు. కిటికీ వైపు చూస్తూ చెప్పాడు.

"ఎనిమిది మందిదీ వింటారు. యలమందది ముగిసిపోతుందమ్మా. మనిషి పోతే అప్పీలు కూడా పోతుంది. దగ్గరివాళ్లు నెల లోపల, మేం నడుపుతాం అని అర్జీ పెట్టుకుంటే తప్ప. ఇప్పుడు దాంతో ఏం లాభం? మనిషే లేడు."

"మనిషిని చంపి, పాక కాల్చాడన్న పేరు మాత్రం ఉంచుతారా?" నాగేంద్రమ్మ బొటనవేలు ముందుకి చాపింది. "ఎక్కడ వెయ్యాలో చూపించండి వేలిముద్ర."

వేసింది. పక్కన సాక్షి సంతకం కృపావతి చేసింది. ఉమాపతి తన గుమస్తా చేత కాకుండా తనే అర్జీ రాశాడు. తేదీ పడగానే ఈసారి మనిషిని పంపుతానన్నాడు.

"వద్దండీ" అంది నాగేంద్రమ్మ. "కబురు కోసం మేం ఎదురు చూడం. తేదీ ఎప్పుడైనా పడనివ్వండి, మేం అక్కడే ఉంటాం."

కోత ముఠాలో వంతులు వేసుకున్నట్టే వేసుకున్నారు. రోజుకి పది మంది. తెల్లారే మొదటి బస్సు ఎక్కడం, జిల్లా కోర్టు వరండాలో గోడ వారన కూర్చోవడం, కోర్టు లేచాక ఇంటికి రావడం. నాగేంద్రమ్మ మాత్రం ఏ వంతుకీ ఇంటి దగ్గర ఆగలేదు. బంట్రోతు మొదట విసుక్కున్నాడు.

"మీ కేసు ఇవాళ లేదు. పోండి."

"లేదని తెలుసండీ" అనేవాడు హనుమయ్య. కాళ్ల మీద పడదామన్న హనుమయ్యే. గోడకి ఆనుకుని, కాళ్లు బారజాపుకుని కూర్చునేవాడు.

వారం గడిచేసరికి అక్కడికి వచ్చేపోయే జనం ఆగి అడగడం మొదలుపెట్టారు. ఎవరి కోసం కూర్చున్నారు, ఏ కేసు, ఎందుకు. వెంకాయమ్మ తనకొచ్చిన ఆస్పత్రి కార్డు చూపించి మరీ చెప్పేది. విస్సన్నపేట వైపు నుంచి ఒక ముసలాయన వచ్చాడు, కొడుకు అప్పీలు ఎక్కడుందో తెలీక నాలుగేళ్లుగా తిరుగుతున్నవాడు. మైలవరం ముఠాలో ఆ రోజు ఏడ్చిన ఆడమనిషి తన అన్న కాగితాలు సంచీలో వేసుకుని వచ్చింది. ఉమాపతి నల్లకోటు మీద దుమ్ము దులుపుకుంటూ, ఒక్కొక్కరి నంబరూ రాసుకుని లోపల వాకబు చేసి వచ్చి చెప్పేవాడు. ఇద్దరి అప్పీళ్లు అప్పటికే రెండు లైన్లలో కొట్టేసి ఉన్నాయి.

తొమ్మిదో రోజు లోపల నుంచి ఫిర్యాదు వెళ్లింది, కోర్టు పనికి అడ్డం వస్తున్నారని. పోలీసులు వచ్చారు. హనుమయ్యతో, నాగేంద్రమ్మతో కలిపి పది మందినీ వ్యాను ఎక్కించారు. ఎస్సై ఆమె పేరు రాసుకుంటూ అడిగాడు.

"నీకేం కావాలే అసలు?"

"మా ఆయన కాగితాలు చదవాలి."

"ఆయన చచ్చాడంటగా."

"ఆయన చచ్చాడు. నేను బతికే ఉన్నాను" అంది.

వ్యాను వెళ్లిపోయింది. వెంకాయమ్మ ఆ రోజు వంతులో లేదు. మధ్యాహ్నం కబురు అందగానే కృపావతి విస్సన్నపేట నుంచి వచ్చి ఎర్రదిబ్బలో పాక పాకకీ తిరిగింది. ఎవరినీ బతిమాలాల్సిన పని పడలేదు. మర్నాటి వంతు ఎవరిదో వాళ్లు అప్పటికే అన్నం మూట కట్టుకుంటున్నారు.

మర్నాడు ఉదయం బంట్రోతు జిల్లా కోర్టు తలుపులు తీసేసరికి వరండాలో నలభై ముగ్గురు కూర్చుని ఉన్నారు. అందులో ఎర్రదిబ్బ వాళ్లు పది మందే.